పుస్తకాల గూడు: ఉప్పెనలు, యుద్ధాలు, పిల్లల ప్రశ్నలు

ఈ నెల వచ్చిన ఉత్తరాల్లో సగానికి పైగా ఒకే విషయం మీద ఉన్నాయి. వరద, ఉప్పెన, యుద్ధం, గ్యాసు ప్రమాదం లాంటివాటిని పిల్లలకు ఏ పుస్తకంతో చెప్పాలి, ఏ వయసులో చెప్పాలి అని. ఏడు ఉత్తరాలకు ఇక్కడ జవాబిస్తున్నాం. పొడుగ్గా ఉన్నవాటిని కుదించాం.

ప్రశ్న: మాది అజిత్‌సింగ్ నగర్. 2024 సెప్టెంబరు వరదప్పుడు మా వాడికి ఆరేళ్ళు, రోజుల తరబడి మేడ మీదే ఉన్నాం. ఇప్పటికీ గట్టిగా వాన పడితే బ్యాగులో బట్టలు సర్దుకుంటాడు. వరద కథల పుస్తకం ఇవ్వమని మా ఆడపడుచు అంటుంది, అసలు ఆ ఊసే ఎత్తొద్దని మా అత్తగారు అంటారు. ఎవరి మాట వినాలి?
– ఒక తల్లి, విజయవాడ

జవాబు: ఊసెత్తకపోతే మరిచిపోతాడనుకోకండి. బట్టలు సర్దుతున్నాడంటే ఆ ఆలోచన వాడి బుర్రలో తిరుగుతూనే ఉంది. అయితే మీ ఆడపడుచు చెప్పినట్టు వెంటనే వరద కథ చేతికివ్వడం కూడా తొందరపాటే. ఈ వయసు పిల్లలకు ఉండే ప్రశ్నలు మూడు: అది ఎందుకొచ్చింది, మళ్ళీ వస్తుందా, వస్తే నన్ను ఎవరు చూసుకుంటారు. కన్నీళ్ళు పెట్టించే కథ ఈ మూడింటిలో ఒక్కదానికీ జవాబు చెప్పదు. ముందు కారణం చెప్పండి, కథ తర్వాత.

టీవీలో ప్రకాశం బ్యారేజీనే పదే పదే చూపించారు కాబట్టి మీ వాడు కృష్ణ వచ్చి ఇంటిని ముంచిందనుకుంటూ ఉండొచ్చు. మీ వైపు ముంచింది బుడమేరు. ఒక తెల్లకాగితం మీద నాలుగు గీతలు గీస్తే చాలు. మైలవరం కొండల వైపు నుంచి కొల్లేరుకు పోయే ఏరు ఒక గీత. వెలగలేరు రెగ్యులేటర్ దగ్గర ఆ నీటిని పక్కకు తిప్పి కృష్ణలో కలిపే డైవర్షన్ కాలువ రెండో గీత. కృష్ణ మూడోది. మీ వీధి నాలుగోది. ఆ రోజు కృష్ణే నిండుగా ఉంది, బ్యారేజీ దగ్గర 11.43 లక్షల క్యూసెక్కులు. కాలువ నీటికి దారి దొరకలేదు, కట్టకు గండ్లు పడ్డాయి, నీళ్ళు ఊరి మీదికి తిరిగాయి. తర్వాత సైన్యం సాయంతో ఆ గండ్లు పూడ్చారు. ఏడెనిమిదేళ్ళ పిల్లాడికి ఇది పూర్తిగా అర్థమవుతుంది. వాన పడితే వరదొస్తుంది అనే భయం పోయి, ఇన్ని జరిగితేనే వస్తుంది అనే లెక్క మొదలవుతుంది. ‘ఇంకెప్పుడూ రాదు’ అని మాత్రం మాటివ్వకండి. వస్తే మీరేం చేస్తారో చెప్పండి: ఎటు వెళ్తారు, ఎవరి ఇంటికి, ఫోను ఎవరి దగ్గరుంటుంది.

పుస్తకం సంగతి. సొంత ఊళ్ళో జరిగినదాని మీద పుస్తకంతో మొదలుపెట్టొద్దు. వేరే ఊరిది, వేరే నదిది తీసుకోండి. పాత్రకు, పిల్లాడికి మధ్య ఆ మాత్రం ఎడం ఉంటేనే తన సంగతి తనంతట తాను చెప్తాడు. ప్రథమ్ బుక్స్ వారి స్టోరీవీవర్ వెబ్‌సైటులో తెలుగు బొమ్మల కథలు ఉచితంగా దొరుకుతాయి. నాలుగు స్థాయిలుంటాయి, మీ వాడికి రెండో స్థాయి సరిపోతుంది. నీళ్ళు, వాన, పడవ అనే మాటలతో వెతికి, పిల్లాడికి చూపించకముందే మీరు చివరిదాకా చదవండి.

చదివేది పగటిపూట, పావుగంటకు మించకుండా. పడుకునే ముందు వద్దు, చివర చూసిన బొమ్మతోనే నిద్రపోతాడు. పేజీ తిప్పే పని వాడికే వదిలేయండి. మూసేస్తే మూసేయనివ్వండి. అదే పుస్తకం పదిసార్లు అడిగితే పదిసార్లూ చదవండి, అది మామూలే. ‘నీకూ అప్పుడు ఇలాగే అనిపించిందా?’ అని మాత్రం అడగొద్దు. ఎక్కువమంది పొరపాటు పడేది ఇక్కడే. ఆ ప్రశ్నతో కథ కాస్తా విచారణ అయిపోతుంది, పిల్లలు మాట ఆపేస్తారు.

బట్టలు సర్దుకోవడం గురించి బెంగ వద్దు. ఎప్పటికీ ఉండేలా ఒక చిన్న సంచి, అందులో ఏముండాలో వాడి చేతిరాతతో ఒక జాబితా పెట్టించండి. నిద్ర పట్టకపోవడం, పక్క తడపడం, బడికి వెళ్ళనని మొండికేయడం లాంటివి ఉంటే మాత్రం పుస్తకాలతో సరిపెట్టొద్దు. పిల్లల డాక్టరుకు చూపించండి. లేదా ప్రభుత్వ మానసిక ఆరోగ్య హెల్ప్‌లైన్ టెలీ మానస్ 14416కు ఫోన్ చేయండి, ఉచితం.

ప్రశ్న: అవనిగడ్డ దగ్గరి ఉన్నత పాఠశాలలో పనిచేస్తున్నాను. నవంబరు 19న దివిసీమ ఉప్పెన గురించి పిల్లలకు చెప్పాలంటే వాళ్ళ స్థాయిలో పుస్తకం దొరకలేదు. ఆరు, ఏడు తరగతుల పిల్లలతో మేమే ఒకటి తయారు చేయవచ్చా?
– ఒక ఉపాధ్యాయుడు, కృష్ణా జిల్లా

జవాబు: చేయవచ్చు, చేయాలి కూడా. ఉప్పెన వచ్చిన 1977లో పదేళ్ళ వయసున్నవాళ్ళకు ఇప్పుడు అరవై దగ్గర పడుతోంది. చూసినవాళ్ళ మాట వినే అవకాశం ఉన్న చివరి తరం మీ పిల్లలదే కావచ్చు.

16 పేజీలకు మించొద్దు. ఏ4 కాగితాలు నాలుగు తీసుకుని నడిమికి మడిస్తే సరిగ్గా 16 పేజీలు. ఇక్కడ అందరూ తడబడేది పేజీల అమరికలో. ఒక కాగితం మీద ఒకే వైపు వచ్చే రెండు పేజీల అంకెలు కూడితే ఎప్పుడూ 17 రావాలి. బయటి కాగితం పైవైపు 16, 1. లోపలివైపు 2, 15. రెండో కాగితం 14, 3, 4, 13. మూడోది 12, 5, 6, 11. లోపలిది 10, 7, 8, 9. ముందు తెల్లకాగితాలు మడిచి పెన్సిలుతో అంకెలు వేసుకుని, విప్పి చూసుకుని, అప్పుడు రాయడం మొదలుపెట్టండి. మడత దగ్గర రెండు సెంటీమీటర్లు ఖాళీ వదలండి, లేకపోతే పిన్ను అక్షరాల మీద పడుతుంది.

పేజీకి 40 నుంచి 60 మాటలు. ఒకటో పేజీ పేరు. 2, 3లో దివిసీమ ఎలాంటి నేల: పులిగడ్డ దగ్గర కృష్ణ రెండు పాయలై సముద్రంలో కలిసే మధ్యభాగం, పల్లం, చదును. 4, 5లో ఆ రోజు పగలు ఎవరు ఏం చేస్తున్నారు, హెచ్చరిక ఎంతవరకు చేరింది. 6, 7లో ఉప్పెన. 10, 11లో మర్నాడు, సాయానికి వచ్చినవాళ్ళు. 12, 13లో అంతమంది ఎందుకు పోయారు. 14, 15లో తర్వాత ఏం మారింది. 16లో చెప్పినవాళ్ళ, రాసినవాళ్ళ పేర్లు, తేదీ.

8, 9 వదిలేశామని గమనించే ఉంటారు. పుస్తకంలో అడ్డంగా ఒకే బొమ్మ పట్టే చోటు అదొక్కటే. పిల్లలు అక్కడ పెద్ద అల గీస్తామంటారు. ఒప్పుకోవద్దు, మ్యాపు గీయించండి. తుఫాను తీరం దాటింది చీరాల, బాపట్ల వైపు. దివిసీమ అది వచ్చిన దారికి కుడిపక్కన ఉంది. మన వైపు తుఫానులో గాలి గడియారం ముళ్ళకు ఎదురుదిశలో తిరుగుతుంది కాబట్టి, కుడిపక్కన అది సముద్రం మీది నుంచి నేల మీదికి వీస్తుంది. లోతు తక్కువ సముద్రం, చదును నేల, పైన ఆ గాలి. మూడూ కలిసి నీటిని సుమారు 5 మీటర్ల ఎత్తున ఊళ్ళ మీదికి తోశాయి. బాణం గుర్తులతో ఇది గీసిన పిల్లలకు ‘సముద్రం కోపగించింది’ అనే మాట రాయాలనిపించదు. సముద్రాన్ని రాక్షసిని చేస్తే కథ అక్కడితో ఆగిపోతుంది. హెచ్చరిక ఎందుకు చేరలేదు, ఎక్కి నిలబడడానికి గట్టి కట్టడం ఎందుకు లేదు అనే ప్రశ్నలు పుట్టవు.

5 మీటర్లంటే ఎంతో తెలియాలంటే టేపుతో బడి గోడ మీద కొలవండి. మామూలు కట్టడంలో మొదటి అంతస్తు మధ్యకు వస్తుంది. పెద్దవాళ్ళు ‘తాటిచెట్టంత’ అంటారు. దాన్ని దిద్దొద్దు. వాళ్ళ మాటగా అలాగే ఉంచి, కొలత వేరే వాక్యంలో రాయండి. చనిపోయినవాళ్ళ సంఖ్య దగ్గర కూడా జాగ్రత్త. లెక్కలు ఒక్కో చోట ఒక్కోలా ఉంటాయి. ‘పదివేల మందికి పైగా’ అని రాస్తే తప్పు కాదు.

పెద్దవాళ్ళను కలిసేటప్పుడు ఇద్దరు పిల్లలు, ఒక టీచరు. గుంపుగా వద్దు. అరగంట చాలు. సరిగ్గా నవంబరు 19 ముందు వారంలో వెళ్ళొద్దు, చాలా ఇళ్ళల్లో అవి తద్దినాల రోజులు. ‘మీ ఇంట్లో ఎంతమంది పోయారు తాతా?’ అనే ప్రశ్న పిల్లల నోట రాకూడదు. ‘ఆ రోజు పొద్దున ఏం వండారు? గాలి ఎటునుంచి వచ్చింది? దేన్ని పట్టుకున్నారు? మొదట అన్నం పెట్టిందెవరు?’ ఇవి అడిగితే చెప్పదలుచుకున్నవి వాళ్ళే చెప్తారు. రాసింది అచ్చుకు ముందు వాళ్ళకు చదివి వినిపించండి. తీసేయమన్నది తీసేయండి.

ఇలాంటి పుస్తకాల్లో రెండు తప్పులు తరచుగా కనిపిస్తాయి. ఒకటి, అద్భుతంగా బతికిన పిల్లల కథలే ఏరి రాయడం. రెండోది దానికంటే చెడ్డది, ‘పెద్దల మాట విన్నవాళ్ళు బతికారు’ అని నీతి పెట్టడం. తాతయ్య పోయిన ఇంటి పిల్ల ఆ వాక్యం చదివి, తాతయ్య ఎవరి మాట వినలేదా అనుకుంటుంది.

14, 15 పేజీల మీద ఎక్కువ శ్రద్ధ పెట్టండి. 1990 మే నెలలో మళ్ళీ మన తీరానికే పెద్ద తుఫాను వచ్చింది. ఈసారి హెచ్చరిక ముందే అందింది, లక్షకు పైగా జనాన్ని ఖాళీ చేయించారు, తుఫాను షెల్టర్లు ఉన్నాయి. 967 మంది చనిపోయారు. అది కూడా చిన్న సంఖ్య కాదు. కానీ రెండు అంకెలు పక్కపక్కన పెట్టి, తేడా ఎలా వచ్చిందో పిల్లలనే రాయమనండి. ‘మళ్ళీ వస్తుందా?’ అనే ప్రశ్నకు ఇంతకంటే నిజమైన జవాబు మనకు లేదు.

ప్రశ్న: పుస్తకాలెందుకు, యూట్యూబులో అసలు దృశ్యాలే ఉన్నాయి కదా?
– గుంటూరు

జవాబు: ఏడేళ్ళ లోపు పిల్లలు ఒకే దృశ్యాన్ని ఐదుసార్లు చూస్తే అది ఐదుసార్లు జరిగిందనుకుంటారు. పుస్తకం పిల్ల చేతి వేగంతో నడుస్తుంది, వీడియో దాని వేగంతో అది నడుస్తుంది. పదకొండేళ్ళు దాటాక, పక్కన పెద్దవాళ్ళుండి, శబ్దం తగ్గించి, ఒకసారి చూపించవచ్చు.

ప్రశ్న: మా బడిలో ఏటా ఆగస్టు 6న హిరోషిమా దినం జరుపుతాం. సడాకో కథ చెప్పి, పిల్లలతో కాగితపు కొంగలు చేయిస్తాం. ఇంకా ఏం చేయవచ్చు?
– ఒక టీచరు, మంగళగిరి

జవాబు: కొంగలు కొంచెం తగ్గించి, కథ కొంచెం పెంచండి. కొంగ మడవడం ఎనిమిదేళ్ళ లోపు పిల్లలకు కష్టం. 15 సెంటీమీటర్ల చదరపు కాగితం కావాలి, అంతకంటే చిన్నదైతే మెడ దగ్గర చిరుగుతుంది. డ్రాయింగ్ షీటు పనికిరాదు, మడత నిలవదు. పీరియడంతా ఈ గొడవతోనే అయిపోయి, బాంబు ఎందుకు పడింది, పదేళ్ళ తర్వాత పిల్లకు జబ్బెందుకు చేసింది అనేవి వెనకబడిపోతాయి. ఆ రెండో ప్రశ్నే అసలు పాఠం. 1945లో బాంబు పడినప్పుడు సడాకో ససాకికి రెండేళ్ళు, ఒంటి మీద గాయం లేదు. రేడియేషన్ వల్ల వచ్చిన రక్త క్యాన్సర్‌తో 1955 అక్టోబరు 25న, పన్నెండేళ్ళ వయసులో చనిపోయింది.

ఇంకొక సంగతి. వెయ్యి కాగితపు కొంగలు మడిస్తే కోరిక తీరుతుందని జపాన్‌లో ఒక నమ్మకం. ఎలినార్ కోర్ 1977లో రాసిన ప్రసిద్ధ పిల్లల పుస్తకంలో సడాకో 644 కొంగలు చేసి కన్నుమూస్తుంది, మిగిలినవి స్నేహితులు పూర్తి చేస్తారు. నిజానికి ఆమె వెయ్యికి పైగానే చేసిందని ఆమె అన్నగారు చెప్పారు. ఏడు, ఎనిమిది తరగతులకు ఈ తేడా చెప్పి, రచయిత్రి ఎందుకు మార్చి ఉంటుందని అడగండి. వెయ్యి పూర్తిచేసినా బతకలేదు అన్నదే కష్టమైన నిజం. కథలో ఆ కష్టాన్ని కొంచెం మెత్తబరిచారు. హిరోషిమాలో 1958లో లేచిన పిల్లల శాంతి స్మారకానికి చందాలు పోగుచేయడం మొదలుపెట్టింది ఆమె తోటి విద్యార్థులే. కొంగల దండ కట్టించే సమయంలో ఆ పిల్లలు ఏం చేశారో చదివిస్తే మేలు.

ప్రశ్న: మా మనవరాలు దేశ విభజన గురించి ఎక్కడో చదివి, ‘అమ్మమ్మా, ఎవరు ఎవర్ని చంపారు?’ అని అడిగింది. దాని ప్రాణ స్నేహితురాలు ముస్లిముల పిల్ల. ఏం చెప్పాలో తెలియక మాట మార్చాను.
– గుంటూరు, బ్రాడీపేట

జవాబు: ఈసారి అడిగితే సూటిగా చెప్పండమ్మా. హిందువులూ చంపారు, ముస్లిములూ చంపారు, సిక్కులూ చంపారు. ముగ్గురిలోనూ అవతలివాళ్ళను ఇంట్లో దాచి కాపాడినవాళ్ళూ ఉన్నారు. ‘అందరూ మంచివాళ్ళే’ అంటే ఆ వయసు పిల్ల నమ్మదు. ‘అదంతా నీకెందుకు’ అంటే బయట ఎవరో చెప్పింది నమ్ముతుంది.

ఇక్కడా కారణమే పని చేస్తుంది. సిరిల్ రాడ్‌క్లిఫ్ అనే ఇంగ్లీషు లాయరు 1947 జులైలో మొదటిసారి మన దేశానికి వచ్చి, ఐదు వారాల్లో సరిహద్దు గీశాడు. అది బయటపెట్టింది ఆగస్టు 17న, స్వాతంత్ర్యం వచ్చిన రెండు రోజుల తర్వాత. తమ ఊరు ఏ దేశంలో ఉందో తెలియకుండానే జనం జెండా ఎగరేశారు. కోటి మందికి పైగా ఇళ్ళు వదిలారు. అట్లాసులో పంజాబ్, బెంగాల్, సింధ్ చూపించి చెప్పండి. తెలుగునాట ఆ పరిస్థితి లేదు కాబట్టి, మ్యాపు లేకపోతే పిల్ల దాన్ని మీ వీధిలోనే ఊహించుకుంటుంది.

పుస్తకమంటే, నీనా సబ్నానీ తన తండ్రి జ్ఞాపకాలతో చేసిన ‘ముకంద్ అండ్ రియాజ్’ చూడండి. చెన్నై తూలికా వారి ప్రచురణ. కరాచీ విడిచిపోవలసి వచ్చిన ఒక పిల్లాడు, అక్కడే ఉండిపోయిన అతడి స్నేహితుడు. బొమ్మలన్నీ గుడ్డముక్కల కుట్టుపనితో చేసినవి. నెత్తురు కనిపించదు, కానీ విడిపోవడం ఎంత బాధో తెలుస్తుంది. వేరే పుస్తకం కొనేటప్పుడు ఒక పరీక్ష పెట్టండి: కత్తి ఎప్పుడూ ఒకే మతం వాళ్ళ చేతిలో ఉందా? అవతలి మతంలో పేరూ ఇల్లూ ఉన్న మనిషి ఒక్కరైనా ఉన్నారా? రెండోదానికి జవాబు ‘లేరు’ అయితే అక్కడే వదిలేయండి.

ప్రశ్న: మా అబ్బాయి తొమ్మిదో తరగతి. భోపాల్ గ్యాసు ప్రమాదం మీద ప్రాజెక్టు చేయాలి. బాధితుల ఫోటోలు అంటించి తెచ్చాడు. నాకు నచ్చలేదు, కానీ ఎందుకో చెప్పలేకపోయాను.
– విజయవాడ, ఆటోనగర్

జవాబు: ఆ ఫోటోలు చూసినవాళ్ళు ముఖం తిప్పుకుంటారు, ఏం జరిగిందో మాత్రం తెలుసుకోరు. మీరు యంత్రాల మధ్య పనిచేసేవారైతే ఈ ప్రాజెక్టులో మీ సాయం బాగా ఉపయోగపడుతుంది. 1984 డిసెంబరు 2 అర్ధరాత్రి, యూనియన్ కార్బైడ్ కర్మాగారంలో మిథైల్ ఐసోసయనేట్ అనే విషరసాయనం నిల్వ ఉన్న ట్యాంకులోకి నీరు చేరింది. అందులో సుమారు 40 టన్నులుంది. నీరు తగిలితే ఆ రసాయనం వేడెక్కి ఆవిరవుతుంది. చల్లగా ఉంచే యంత్రాన్ని ఆపేసి ఉంచారు. బయటికి పోయే గ్యాసును మండించే టవరుకు గొట్టం ఊడదీసి ఉంది. గ్యాసును కడిగే స్క్రబ్బర్ ఆ ఒత్తిడిని తట్టుకోలేదు. గాలికంటే బరువైన గ్యాసు కాబట్టి నేలబారుగా పాకింది. చుట్టూ గుడిసెలు, నిద్రలో జనం.

చార్టు మీద ట్యాంకు, మూడు రక్షణలు గీసి, ఒక్కోదాని పక్కన అది ఎందుకు పనిచేయలేదో రాయమనండి. కింద 2020 మే 7న విశాఖ ఆర్.ఆర్. వెంకటాపురంలో లీకైన స్టైరీన్ అనే రసాయనం గురించి నాలుగు వరుసలు. అక్కడా నిల్వ ట్యాంకు వేడెక్కడమే మొదలు. ఫోటో ఒకటి ఉండాలంటే కర్మాగారానిది పెట్టండి.

ప్రశ్న: నాకు పదకొండేళ్ళు. ఏడుపొచ్చే పుస్తకాలు వద్దంటుంది అమ్మ. ఆన్ ఫ్రాంక్ డైరీ చదవాలని ఉంది. చదవొచ్చా?
– కృష్ణలంక

జవాబు: చదవొచ్చు తల్లీ, ఇంకొక్క ఏడాది ఆగితే ఇంకా బాగుంటుంది. ఆన్ ఫ్రాంక్ రెండో ప్రపంచ యుద్ధంలో నాజీలకు దొరక్కుండా కుటుంబంతో దాక్కున్న యూదుల పిల్ల. పదమూడో పుట్టినరోజుకు డైరీ అందుకుని, పదిహేనేళ్ళు దాటేదాకా రాసింది. తన వయసుకు దగ్గరగా వెళ్తే ఆమె అమ్మతో ఎందుకు గొడవ పడుతుందో, తన గురించి తాను ఎందుకంత ఆలోచిస్తుందో నీకు బాగా తెలుస్తుంది.

డైరీ 1944 ఆగస్టు 1తో హఠాత్తుగా ఆగిపోతుంది. మూడు రోజుల తర్వాత వాళ్ళను పట్టుకున్నారు. దాక్కున్న ఎనిమిది మందిలో వాళ్ళ నాన్న ఒక్కడే బతికాడు. ఇది ముందే తెలిస్తే కథ పాడవదు. తెలియకుండా చివరి పేజీకి చేరితే ‘తర్వాతేమైంది’ అని రాత్రంతా వెతుక్కోవలసి వస్తుంది. ఏలూరు రోడ్డు షాపుల్లోనో, జనవరి పుస్తక మహోత్సవంలోనో కొనేటప్పుడు, ఆమె ఏమైందో చెప్పే వెనకమాట ఉన్న ప్రతి అడిగి తీసుకో. కుదించిన ప్రతుల్లో కొన్నిసార్లు దాన్ని తీసేస్తారు.

ఈలోగా ‘రైలుబడి’ చదువు. జపాన్ రచయిత్రి తెత్సుకో కురొయనాగి చిన్నప్పటి బడి, పాత రైలు పెట్టెల్లో నడిచేది. పుస్తకమంతా నవ్వొస్తుంది. చివర్లో యుద్ధం వచ్చి, 1945లో విమానాల బాంబులకు ఆ బడి తగలబడిపోతుంది. ఆ పేజీల దగ్గర ఏడుపొస్తే రానీ. అమ్మను కూడా చదవమను, తర్వాత ఆన్ ఫ్రాంక్ సంగతి అడిగితే ఈసారి వద్దనకపోవచ్చు.